మొరబండ ఎక్కిన తిప్పన

కుంభగిరి అని ఒకానొక రాజ్యం ఉండేదట. అది ఎక్కడుందని మాత్రం నన్నడక్కండి, చూసినవాళ్ళెవరూ ఇప్పుడు లేరు. దాన్ని జయకేసరి మహారాజు ఏలుతుండేవాడు. మనిషి చెడ్డవాడు కాడు. ఆకలన్నవాడికి అన్నం పెట్టేవాడు, పండితులను ఆదరించేవాడు. ఉన్నదల్లా ఒకటే జబ్బు. తనంత తెలివైన రాజు భూమ్మీద ఇంతవరకూ పుట్టలేదని ఆయనకు గట్టి నమ్మకం. ఆ నమ్మకానికి రోజూ నీళ్ళు పోసి పెంచేవాళ్ళు కొలువులో కావలసినంతమంది.

జయకేసరి తండ్రిగారి కాలంలో ఏ తగవైనా కొలువుకెక్కిందంటే ఒక పట్టాన తెమిలేది కాదు. పొలంగట్టు దగ్గర తలలు పగలగొట్టుకున్నవాళ్ళు ముసలివాళ్ళై కాలం చేసేవారు. వాళ్ళ మనవలు వచ్చి, అసలు ఏ గట్టు గురించో మరిచిపోయి, వియ్యమంది ఇళ్ళకు పోయేవారు. చిన్నతనమంతా అది చూసి విసిగిన జయకేసరి, పట్టానికి రాగానే నేరాల విచారణకు ఒక కొత్త శాసనం చేశాడు.

"అబద్ధం అల్లుకోవడానికి వ్యవధి కావాలి. నిజానికి అక్కర్లేదు. కాబట్టి నిజం చెప్పేవాడే ముందు పరుగెత్తుకొస్తాడు!" అన్నాడు మీసం దువ్వుకుంటూ.

"ఆహా!" అంది కొలువు.

వెంటనే కొలువుకూటంలో, సింహాసనానికి ఎదురుగా ఒక నల్లరాతి బండ వేయించాడు. దాని పేరు మొరబండ. దానిమీద ముందు కాలు పెట్టి మొరపెట్టుకున్నవాడి మాటే నిజం. వాడు ఎవరి పేరు చెబితే వాడే నేరస్థుడు. ఆ నేరస్థుడు నోరు విప్పబోతే, బండ పక్కన నిలబడే తలారి ఓబులు వెండిపొన్ను కర్ర నేలకేసి కొట్టి, "వెనకటివాడా, నోరుముయ్!" అని గద్దించాలి. సాక్షులతో పని లేదు, ప్రశ్నలతో అసలే లేదు. భటులు వెళ్ళి పట్టుకురావడం, చెరలో వేయడం, వారం తిరిగేలోగా శిక్ష. చివర "ఈ శాసనం రాజుకైనా రైతుకైనా ఒక్కటే" అని గోడమీద చెక్కించి, ఆ అక్షరాలకు బంగారునీరు పోయించాడు. పోయించకుండా ఉండాల్సిందని తర్వాత అనుకున్నాడు గాని, అప్పటికి ఆలస్యమైంది.

ఇక ఊరి సంగతి చూడాలి. మునగకొమ్మ గురించి ఇరుగూ పొరుగూ మాటా మాటా అనుకుంటూ అనుకుంటూ, ఉన్నట్టుండి ఇద్దరూ పంచెలు ఎగగట్టి కోటవైపు పరుగు. దారిలో ఒకడు జారిపడితే వాడే దోషి. అత్తాకోడళ్ళు పొయ్యిమీద పాలు పొంగుతుంటే వదిలేసి పరుగు. కలిగినవాళ్ళు తమ తరఫున పరుగెత్తడానికి జీతగాళ్ళను పెట్టుకున్నారు. లేనివాళ్ళు పిల్లలకు అక్షరాలకంటే ముందు పరుగు నేర్పారు. మొగుణ్ణి కొట్టి మొగసాలకెక్కినట్టు అనే సామెత ఆ ఊళ్ళో తిట్టు కాకుండా పోయింది, ఒక మంచి సలహా అయి కూర్చుంది.

మధ్యాహ్నం కాకుండానే కొలువు ముగుస్తుంటే రాజుకు పరమానందం. "మా నాయన దీపాలు పెట్టేదాకా కూర్చునేవాడు పాపం!" అనేవాడు.

ఆ కొలువులోనే తిప్పన అనే ఆయన ఉండేవాడు. తాంబూలం వేళ నాలుగు చమత్కారాలు చెప్పి రాజును నవ్వించడం ఆయన ఉద్యోగం. బొజ్జ పెద్దది, నాలుక పదునైనది. నాలుగడుగులు వేస్తే ఆయాసం. ఎవరితో తగవు వచ్చినా నేనే దోషినని ముందే ఒప్పేసుకుని బతుకుతున్నానని ఆయనే చెప్పుకునేవాడు.

తిప్పన వీధిలో పేరిందేవమ్మ అని ఒక పెద్దావిడ ఉంది. ఒంటరి మనిషి. ఒక గేదె, దాని దూడ, ఇంత కొట్టం, అదే ఆమె సంసారం. వీధివీధంతా ఆమె పోసే మజ్జిగతోనే అన్నం ముగించేది. మోకాళ్ళు పట్టేయడం వల్ల ఆమెకు నడకే కష్టం, ఇక పరుగు మాట దేవుడెరుగు.

ఒకనాడు భోజనాల వేళకు మజ్జిగ రాలేదు. తిప్పన వీధిలోకొచ్చి చూస్తే పేరిందేవమ్మ గుమ్మం ముందు జనం. కొట్టంలో గుంజ ఖాళీ. దూడ ఒక్కటే గొంతు పోయేలా అరుస్తోంది.

"భటులొచ్చి పట్టుకెళ్ళారండీ," అంది ఎదురింటి గానుగ గంగమ్మ కళ్ళు తుడుచుకుంటూ. "గేదెను దొంగిలించిందట. అది తనదని గురవడు మొరబండ ఎక్కాడట."

గురవడంటే ఊళ్ళో తెలియనివాళ్ళు లేరు. సత్రం భోజనం, మఠం నిద్ర. పని అన్నమాట వింటే జ్వరం తగిలే రకం.

తిప్పనకు ఆకలి చచ్చిపోయింది. బొజ్జ మోసుకుంటూ చెరసాలకు పోయాడు. పేరిందేవమ్మ ఊచల వెనక గోడకు చేరగిలబడి ఉంది.

"అత్తా, ఏం జరిగింది?"

"ఏం జరిగిందో నన్నడుగుతావేం నాయనా? పాలు పితుకుతున్నా. ఇద్దరు భటులొచ్చారు. ఒకడు గేదె తాడు విప్పాడు, ఒకడు నా చెయ్యి పట్టుకున్నాడు. నేను చేసిన నేరమేమిట్రా అంటే, అక్కడికొస్తే తెలుస్తుందన్నారు. అక్కడికొస్తే ఆ కర్రవాడు నోరుముయ్యమన్నాడు. ఇంతవరకూ నన్ను ఒక్కరంటే ఒక్కరు ఒక్క ముక్క అడగలేదు. గేదెనేమో ఆ గురవడి చేతికిచ్చారు."

"శిక్ష ఏమన్నారు?"

"సంతనాడు గుండు కొట్టించి, గాడిదమీద ఊరేగించి పొలిమేర దాటిస్తారట. నాకిప్పుడు జుట్టుందా, వయసుందా? కొడితే కొట్టనీ. దూడ సంగతే నా బెంగ. పాలు లేక చస్తుంది. పొలిమేర అవతల నాకెవరున్నారు తిప్పనా?" అని, అంతసేపూ గట్టిగా మాట్లాడిన మనిషి కొంగు నోట్లో కుక్కుకుంది.

తిప్పన తిన్నగా రాజు దగ్గరకు పోయాడు. జయకేసరి తాంబూలం నములుతూ, నవ్వడానికి సిద్ధంగా ఉన్నాడు.

"ప్రభూ, ఈ పూట చమత్కారం లేదు. ఒక విన్నపం ఉంది. పేరిందేవమ్మ నిర్దోషి."

"గురవడు ముందొచ్చాడు. నువ్వు వెనకొచ్చావు. వెనకొచ్చిన మాట నేను వినను."

"ఒక్కసారి ఆమెను కూడా అడిగితే..."

"అడిగితే ఏం చెబుతుంది? నేను చేయలేదంటుంది. ప్రతి దొంగా అదే అంటాడు. మరి అడగడం దేనికి, కాలహరణం!" రాజుకు తన తర్కం తనకే ముద్దొచ్చింది. "తిప్పనా, దేశదేశాల పండితులు నా శాసనంలో వెంట్రుకంత లోపం పట్టలేకపోయారు. నువ్వు పడతావా?"

"ప్రయత్నిస్తాను ప్రభూ."

"సరే! సంతనాటి కొలువులో చూపించు. చూపించగలిగితే ఏం కోరితే అదిస్తాను. చూపించలేకపోతే నీ కొలువు ఊడినట్టే. ఆ ముసలిదాని గాడిద వెనకాలే నువ్వూ పొలిమేర దాటాలి. నడవగలవా?" అని రాజు పకపక నవ్వాడు. కొలువూ నవ్వింది. తిప్పన కూడా నవ్వాడు గాని, ఇంటికెళ్ళాక పక్కమీద దొర్లుతూనే ఉన్నాడు.

పందెం ఒప్పుకున్నంత తేలిక కాదు కదా గెలవడం! పండితుడైతే ధర్మశాస్త్రాల్లోంచి పది శ్లోకాలు చదివేవాడు. రాజు దానికి పదకొండో శ్లోకం చదివేవాడు. తర్కంతో ఆయన్ను కదిలించలేమని తిప్పనకు తెలుసు. తన్నులు తింటే గాని నొప్పి తెలియదు అనుకున్నాడు. అలా అనుకున్నాక ఆయనకు కాస్త నిద్ర పట్టింది.

సంతనాడు కొలువు కిటకిటలాడింది. పేరిందేవమ్మను తెచ్చి ఒక మూల నిలబెట్టారు. బయట గాడిద సిద్ధం, మంగలి సిద్ధం. గురవడు గేదెను వాకిట కట్టేసి, ఆమెను పంపించాక సంతలో అమ్ముకుందామని ధీమాగా వచ్చి నిలబడ్డాడు. పేరిందేవమ్మ వీధివాళ్ళంతా వెనక గుంపుగా చేరారు.

వందిమాగధులు బిరుదులు చదువుతుండగా జయకేసరి వచ్చి సింహాసనం మీద ఆసీనుడయ్యాడు. ఎదురుగా చూస్తే, మొరబండ నిండా తిప్పన. ఎప్పుడొచ్చాడో ఏమో, బాసింపట్టు వేసుకుని విసనకర్రతో విసురుకుంటున్నాడు.

"ఏమిటి తిప్పనా, నీకూ తగవే?" అన్నాడు రాజు వేడుకగా. "ఏం పోయింది?"

"ఒక కుర్చీ పోయింది ప్రభూ."

"కుర్చీయా! ఎలాంటిది?"

"బంగారుది. రెండు పక్కలా సింహాలుంటాయి. వెనక నెమలిపింఛం చెక్కి ఉంటుంది. చక్కగా నా ఒళ్ళుకు తగ్గట్టు వెడల్పుగా ఉంటుంది. దాన్నొకరు దొంగిలించారు."

కొలువులో ఎవరో కిసుక్కుమన్నారు.

"ఎవరు వాడు?" అన్నాడు రాజు, ఇంకా అర్థం కాక.

"ప్రస్తుతం దానిమీదే కూర్చుని ఉన్నారు ప్రభూ."

రాజు ముఖం ముందు తెల్లబడి, తర్వాత ఎర్రబడింది. "తిప్పనా! ఇది మా తాతగారు చేయించిన సింహాసనం! మూడు తరాలుగా మేము..."

ఠంగుమని కర్ర నేలను తాకింది.

"వెనకటివాడా, నోరుముయ్!"

అరిచింది ఓబులు. పాపం, అతగాడు కావాలని అనలేదు. రోజూ బండ ఎదుట నిలబడి, అవతలివాడు నోరు విప్పగానే అరిచీ అరిచీ అది శ్వాసలా అలవాటైపోయింది. తానేమన్నాడో తెలిశాక కర్ర చేతిలోంచి జారింది. పేరిందేవమ్మ మూల నుంచి, "అబ్బ, ఎంత చల్లటి మాట అన్నావురా నాయనా!" అంది.

"ఓబులును ఏమీ అనకండి ప్రభూ," అన్నాడు తిప్పన. "శాసనప్రకారమే అన్నాడు. రాజుకైనా రైతుకైనా ఒక్కటే అని అదుగో, బంగారు అక్షరాల్లో మెరుస్తోంది."

రాజు పళ్ళు బిగించి గోడవైపు చూశాడు. "సింహాసనం ఎవరిదో ఈ సభలో అందరికీ తెలుసు! అడుగు!"

"అడగడానికి వీల్లేదు ప్రభూ. సాక్షులతో పని లేదన్నారు."

"అయితే నేనే ఆ బండ ఎక్కుతాను! నీమీద మొరపెడతాను!"

"మహారాజులా ఎక్కండి. కాని నేను ముందెక్కాను."

"నువ్వు అబద్ధమాడుతున్నావు!"

"అబద్ధం అల్లుకోవడానికి వ్యవధి కావాలి కదా ప్రభూ. నేను తెల్లారకముందే వచ్చానాయె!"

కొలువంతా తలలు వంచుకుంది, భుజాలు మాత్రం కదులుతున్నాయి. తిప్పన విసనకర్ర పక్కన పెట్టి చేతులు జోడించాడు. ఇప్పుడాయన గొంతులో వేళాకోళం లేదు.

"ప్రభూ, తీర్పు చెప్పాల్సింది తమరే. ముందొచ్చాడు కాబట్టి తిప్పన మాటే నిజమంటారా, దిగి నాకు చోటివ్వండి. ముందొచ్చినా తిప్పన అబద్ధమాడుతున్నాడంటారా, ఆ సంగతి ఎలా తెలిసిందో సెలవివ్వండి."

"ఎలా తెలియడమేమిటి! సింహాసనం నాది కాబట్టి తెలుసు! నా మాట నన్ను చెప్పనిస్తే కదా! నన్నెవరూ అడగందే..."

రాజు మాట మధ్యలో ఆగిపోయింది.

"అదే ప్రభూ," అన్నాడు తిప్పన మెల్లగా. "ఆ మూల నిలబడ్డ ముసలావిడ కూడా చెరసాలలో అదే అంటోంది. ముందొచ్చిన చెవులకన్నా వెనకొచ్చిన కొమ్ములు వాడి అన్నారు పెద్దలు. వెనకొచ్చినవాడి మాట కూడా వింటే గదా పదునో మొద్దో తెలిసేది!"

జయకేసరికి ముందు కోపం, తర్వాత సిగ్గు వచ్చాయి. చివరికి సింహాసనం చేతిని ఒకసారి తడుముకుని, "గురవణ్ణి ముందుకు పిలవండి," అన్నాడు.

గురవడు వచ్చాడు. రాజు గొంతు సవరించుకున్నాడు. తన ఏలుబడిలో ఇన్నాళ్ళకు మొట్టమొదటి ప్రశ్న అడగబోతున్నాడు మరి.

"ఒరే, ఆ గేదె నీదే కదా? దాన్ని ఎక్కడ కట్టేస్తుంటావు?"

గురవడు నోరు తెరిచాడు. ఇంతవరకూ వాణ్ణి ఎవరూ ఏమీ అడిగి ఎరగరు. "మా... మా ఇంట్లో మహాప్రభో."

"ఇల్లెక్కడ?"

"సత్రంలో..."

"సత్రంలో గేదెను ఏ గదిలో పెట్టావురా?"

సభ గొల్లుమంది. రాజుకు ప్రశ్నలడగడం రుచి తెలిసింది. సింహాసనం అంచుకు జరిగి కూర్చున్నాడు. "మేత ఎవడు వేస్తున్నాడు? ఇది ఎన్నో ఈత? ఎప్పుడు పోయింది?" గురవడు రెండోదని, కాదు మూడోదని, మొన్నని, కాదు నిన్నని తడబడ్డాడు. తర్వాత రాజు పేరిందేవమ్మను పిలిచి అడిగాడు.

"దొంగిలించి తెచ్చిన గేదెను నడివాకిట కట్టేసి, వీధంతా చూస్తుండగా పాలు పితుకుతానా మహారాజా? మా ఇంట్లో పుట్టింది అది. దాని దూడ ఇంకా మా కొట్టంలోనే అరుస్తోంది. గేదె వీడిదైతే దూడెవరిదో అడగండి."

సాక్షులెవరైనా ఉన్నారా అని రాజు అనడమే తరువాయి, వీధి వీధంతా ఒక్కసారి నోరు విప్పింది. గానుగ గంగమ్మ గొంతు అందరికన్నా పైన. ఓబులు అలవాటుకొద్దీ కర్ర ఎత్తి, "వెనకటి..." అని నాలుక కరుచుకున్నాడు.

గురవడికి చెమటలు పట్టాయి. వాడికి తెలిసిన విద్య ఒక్కటే. చటుక్కున మొరబండవైపు దూకాడు, "మహారాజా, వీళ్ళంతా కలిసి నామీద..." అంటూ. కాని బండ నిండా తిప్పన ఉన్నాడు, వేలు పెట్టడానికి కూడా చోటు లేదు. గురవడు ఆ బొజ్జకు తగిలి వెల్లకిలా పడ్డాడు.

"వాణ్ణి కొట్టకండి, వాడి మాట కూడా వినాలి," అన్నాడు తిప్పన, మీదికి రాబోతున్న భటులతో.

గురవడు పడ్డచోటే బావురుమన్నాడు. "నేను దొంగను కాను మహాప్రభో! దొంగతనం చేసే ఓపికే నాకు లేదు! వచ్చి ఒక్కమాట చెప్పాను అంతే. మీ భటులే వెళ్ళి, తాడు విప్పి, తోలుకొచ్చి నా చేతికిచ్చారు!"

రాజు ఆ మాట విని పొట్ట పట్టుకుని నవ్వడం మొదలుపెట్టాడు. కిరీటం పక్కకు ఒరిగిపోయింది. "అంటే దొంగలు నా భటులు! ఆ దొంగల నాయకుణ్ణి నేను! తిప్పనా, సింహాసనం పోయిందంటే పోయిందనాల్సిందే!"

నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకుని, తన చేతి కంకణం తీసి తిప్పన చేతికి తొడిగించాడు. పట్టుశాలువ కప్పించాడు. గురవణ్ణి పేరిందేవమ్మ కొట్టంలో ఏడాదిపాటు పేడ ఎత్తమన్నాడు. "ఇంకేం కావాలో కోరుకో," అన్నాడు తిప్పనతో.

"దీనికెదురుగా ఇంకొక బండ వేయించండి ప్రభూ. నింద పడినవాడు దానిమీద నిలబడి తన మాట చెప్పుకోవాలి. తనమీద పడ్డ నేరమేమిటో ముందు వాడికి చెప్పాలి. ఇద్దరి మాటా, సాక్షుల మాటా విన్నాకే చెర అయినా శిక్ష అయినా. బండను మాత్రం కాస్త వెడల్పుగా వేయించండి, ఏనాటికైనా నాలాంటివాడు ఎక్కాల్సి రావచ్చు."

ఏనుగులసాల ముందున్న బండ ఒకదాన్ని అప్పటికప్పుడే దొర్లించుకొచ్చి ఎదురుగా వేశారు. తిప్పన మొరబండ దిగాడు. కొలువు ముగిసిందనుకుని అందరూ లేవబోతుంటే, పేరిందేవమ్మ మోకాళ్ళు పట్టుకుని మెల్లగా వచ్చి మొరబండ ఎక్కింది.

"ఇంకా ఎవరిమీదమ్మా?" అన్నాడు రాజు.

"మీమీదే మహారాజా."

ఓబులు కర్ర దాచేసుకున్నాడు. జయకేసరి గోడమీది బంగారు అక్షరాలవైపు చూసి, సింహాసనం దిగి, నడిచొచ్చి ఆ కొత్త బండమీద నిలబడ్డాడు.

"నేరమేమిటో చెప్పమ్మా."

"నన్ను చెరలో ఎందుకు వేశారు?"

రాజు తన తర్కాలన్నీ వెతుక్కున్నాడు. ఒక్కటీ పనికొచ్చేలా కనబడలేదు. "అడగకుండా వేశాను తల్లీ. తప్పే."

"అదొప్పుకున్నారు, చాలు. మీ భటులు తోలుకుపోయిన దారినే మీరే నా గేదెను తోలుకొచ్చి గుంజకు కట్టండి. అదే శిక్ష."

రాజు మళ్ళీ నవ్వాడు. ఈసారి చిన్నగా. వాకిట్లోకి పోయి తానే తాడు విప్పాడు.

ఆ ఊరు అటువంటి ఊరేగింపు మునుపెన్నడూ చూడలేదు. ముందు గేదె, దాని తాడు పట్టుకుని పట్టుబట్టల రాజు, వెనకాల కొలువంతా, అందరికన్నా వెనక శాలువతో చెమట తుడుచుకుంటూ తిప్పన. గేదెకు రాజనీ లేదు, రైతనీ లేదు, గడ్డి కనబడ్డ ప్రతిచోటా ఆగింది. దారిలో జుట్లు పట్టుకోబోతున్న ఇద్దరు అన్నదమ్ములు ఆ తమాషా చూస్తూ, కోటవైపు పరుగెత్తడం మరిచిపోయారు.

కొట్టం చేరేసరికి రాజుకూ ఆయాసం వచ్చింది. ఆయన గుంజకు ముడి వేస్తుండగానే దూడ ఒక్క ఉరుకున వచ్చి తల్లి పొదుగులో మూతి పెట్టింది. పేరిందేవమ్మ దాని వీపు నిమురుతూ వెక్కివెక్కి ఏడ్చింది. జయకేసరి మహారాజు తాడు చేత్తో పట్టుకునే నిలబడి, దూడ కడుపు నిండేదాకా అక్కణ్ణించి కదలలేదు.